కడగని స్క్రీన్

పాటల బృందాల వాళ్లు ఆమెను పోస్టరక్క అనేవారు. వయసులో ఆమెకన్నా పెద్దవాళ్లది కూడా అదే పిలుపు. ఊళ్లో ఎక్కడ కచేరీ పెట్టినా, వాయిద్యాలు దిగకముందే గోడల మీద ఆమె బొమ్మ దిగేది.

మొదటి పోస్టరు మాత్రం మొహమాటానికి వేసింది. కాలేజీలో తోటివాళ్లు నలుగురు కలిసి బృందం పెట్టుకుని, బొమ్మ వెయ్యమని బతిమాలారు. ఆమె డ్రమ్ములు వాయించేవాడికి ఎనిమిది చేతులు పెట్టింది. అది చూసి వాడి తల్లి, "ఉన్న రెండు చేతులతోనే తిన్న కంచం ఎత్తడు. ఇన్ని చేతులు ఎవరికి ఊడిగం చెయ్యడానికమ్మా?" అందట. ఆ మాట ఊరంతా పాకింది, దాని వెంట పోస్టరూ పాకింది. తర్వాత పని వెతుక్కుంటూ ఆమె ఎక్కడికీ వెళ్లలేదు. పనే ఆమెను వెతుక్కుంటూ వచ్చింది.

పాట వినకుండా పెన్సిలు పట్టేది కాదు. విన్నాక మాత్రం పాడేవాళ్ల ముఖాల జోలికి పోకుండా ఇంట్లో వస్తువులు వేసేది. మేడంత దువ్వెన, నడివీధిలో పడుకున్న పళ్లపొడి డబ్బా, ఏనుగంత నీళ్లకుళాయి. చుట్టూ బొద్దు నల్లగీత, లోపల కళ్లు చెదిరే ఎరుపు, నిమ్మపసుపు, నెమలినీలం. ఒక ప్రేమపాటల ఆల్బమ్ అట్ట మీద ఇస్త్రీపెట్టె వేస్తే, పాడినమ్మాయి ఏడుపుముఖం పెట్టి, "నా గొంతు అంత కాలుతోందా అక్కా?" అంది. ఆల్బమ్ అమ్ముడుపోయాక ఆ అమ్మాయే ఇస్త్రీపెట్టె బొమ్మ చొక్కా కుట్టించుకుని తిరిగింది.

అచ్చుపని రైలుపట్టాల వెనక రేకులషెడ్డులో జరిగేది. షెడ్డు యజమాని, ప్రింటరు, పనివాడు అన్నీ ఒకడే. ఆమె ఆయన్ని బాబాయ్ అనేది. ఆయనది పాతకాలపు స్క్రీన్ ప్రింటింగు. చెక్కచట్రానికి సన్నటి బట్ట బిగిస్తారు. బొమ్మ పడాల్సిన చోటు వదిలి, తక్కిన కన్నాలన్నీ పూతతో మూసేస్తారు. పైన రంగు పోసి రబ్బరుపట్టీతో లాగితే, కింద కాగితం మీద బొమ్మ దిగుతుంది. రంగుకో స్క్రీన్ కావాలి. పని అయిపోయాక పూత కడిగేస్తే అదే బట్ట ఇంకో బొమ్మకు పనికొస్తుంది.

కడగడం దగ్గర బాబాయ్ మహా ఖచ్చితం. "ఏ రోజు బొమ్మ ఆ రోజే వదిలించాలి అమ్మాయ్. బట్టలో నిద్ర చెయ్యనిచ్చామా, ఇక అది చుట్టం కాదు, ఇంటిమనిషే" అనేవాడు.

ఆ నియమం ఒక్కసారే తప్పింది. తప్పించింది పోస్టరక్కే.

అప్పుడు కూతురికి నాలుగేళ్లు. నోరు విప్పితే ఘాటు కాబట్టి బాబాయ్ దానికి మిరపగింజ అని పేరు పెట్టాడు. పసివాళ్లను నిద్రపుచ్చే పాటల ఆల్బమ్ ఒకటి వచ్చింది. పోస్టరక్క జీవితంలో మొదటిసారి వస్తువు కాకుండా ముఖం వేద్దామనుకుని, కూతుర్ని కిటికీ దగ్గర కూర్చోబెట్టింది. పిల్ల కాసేపు కుదురుగా లేదు. తర్వాత ఉన్నట్టుండి తలెత్తి, నోరు కాస్త తెరిచి, కప్పు వైపు చెవి ఒగ్గి కదలకుండా ఉండిపోయింది.

"ఏం వింటున్నావే?"

"పైన ఎవరో నడుస్తున్నారు."

వాళ్లది పై అంతస్తు. మీద ఇంకేమీ లేదు. పోస్టరక్క నవ్వేసి, ఆ చూపు చెదరకముందే గబగబా గీసేసుకుంది.

ఆమె గీసిన వాటిలో అంత ప్రాణమున్న బొమ్మ లేదు. అచ్చు పూర్తయ్యాక బాబాయ్ స్క్రీన్‌ను తొట్టి దగ్గరికి తీసుకెళ్తుంటే ఆమె అడ్డం వెళ్లింది.

"ఇదొక్కటీ ఉంచు బాబాయ్."

"కాకిపిల్ల కాకికి ముద్దు. ఇంట్లో ఫొటోలు లేవా తల్లీ?"

"ఫొటో వేరు. ఇది నా చేత్తో వేసింది."

ఆయన గొణుక్కుంటూ దాన్ని గోడకు ఆనించాడు. వెంటిలేటర్లోంచి పడే ఎండలో ఆ ముఖం నెలల తరబడి అలా కప్పుకేసి చూస్తూ ఉండిపోయింది.

పని ముంచుకొచ్చిన ఒకరోజు ఖాళీ చట్రాలు లేక ఆయన దాన్నే కడిగాడు. పూత పోయింది. ముఖం పోలేదు. గాఢమైన మందు పోసి రుద్దినా సన్నటి మరకలా బట్టలో మిగిలింది. "ఇంటిమనిషైపోయింది" అని ఆయన చేతులు దులుపుకుని, ఆ స్క్రీన్‌ను ఒక బృందం పోస్టరులో బొమ్మ వెనక నేపథ్యమంతా నిండు ఎరుపు అచ్చు వెయ్యడానికి వాడేశాడు.

ఎదురుగా నిలబడి చూస్తే ఏమీ లేదు. పోస్టరును వెలుగులో ఏటవాలుగా వంచితే మాత్రం, ఎరుపులో ఎరుపుగా, ఒక పాప ముఖం తేలేది. ఎవరో కుర్రాడు ముందు కనిపెట్టాడు. వాడు నలుగురికి చూపించాడు, ఆ నలుగురూ నలభైమందికి. కచేరీ అయ్యాక జనం గోడల దగ్గర మెడలు వంచుకుని నిలబడేవారు. పాప దేనికోసం చూస్తోందో, ఎవరి పాపో, బతికుందో లేదో, రకరకాల కథలు అల్లారు. బృందాల వాళ్లు వచ్చి, "అక్కా, మా పోస్టర్లో కూడా ఆ పాప ఉండాలి" అని పట్టుబట్టారు. అది పొరపాటు అని పోస్టరక్క చెప్పలేదు. అడిగినవాళ్లందరికీ అదే స్క్రీన్ వాడింది. ఆమె పేరు ఊరు దాటిందీ ఆ ముఖం వల్లే. అది లేకుండా వెయ్యి ఇస్త్రీపెట్టెలు గీసినా అంత పేరు వచ్చేది కాదు.

నాలుగేళ్లు గడిచేసరికి పెద్ద హాల్లో ఆమె పోస్టర్లన్నీ ప్రదర్శనకు పెడతామన్నారు. అచ్చయిన వరుసలో వాటిని నేల మీద పరిచి, దీపం పక్కకు దించి చూసింది. చూస్తూ చూస్తూ నేల మీదే కూర్చుండిపోయింది.

మొదటి పోస్టరులో పాపకు నాలుగేళ్లు. చివరిదానిలో ఎనిమిది.

బూరెబుగ్గలు కరిగి ముఖం కోలగా సాగింది. మెడ పొడుగైంది. ఇంట్లో మిరపగింజ ముఖం ఎలా మారిందో అచ్చం అలాగే.

భర్త నీటి పరీక్షల ల్యాబ్‌లో పనిచేస్తాడు. ఏదైనా కొలిస్తే తప్ప నమ్మని మనిషి. స్కేలు తెచ్చుకుని పోస్టర్ల మీద వంగాడు. "నిలువు పెరిగింది, అడ్డం పెరగలేదు. బట్ట ఒకే పక్కకి సాగుతోంది, అంతే. పసివాళ్ల ముఖం గుండ్రం, ఎదిగినవాళ్లది కోల. అందుకే నీకు ఎదిగినట్టు కనిపిస్తోంది. మీ బాబాయ్‌ని అడుగు."

"నిజమే తల్లీ, సాగింది. వెయ్యిసార్లు లాగితే ఏ బట్ట సాగదు?" అన్నాడు బాబాయ్.

కారణం దొరికింది. పోస్టరక్క తేలిగ్గా ఊపిరి పీల్చుకుంది. ఆ ఊపిరి తర్వాతి పోస్టరు వచ్చేదాకే.

ఆ పోస్టరులో పాప ఎడమ కనుబొమ్మ మీద చిన్న తెల్లగీత పడింది. బట్టలో ఒక పోగు తెగిందని బాబాయ్ భూతద్దం పెట్టి మరీ చూపించాడు. ఆమె తల ఊపింది. ఇంటికి వెళ్లి బల్ల అంచులకీ, అలమర మూలలకీ, మంచం కోళ్లకీ పాత దుప్పట్లు చింపి చుట్టింది.

"ఇల్లా, గాయాల వార్డా?" అన్నాడు భర్త.

"నవ్వుకో. పిల్ల నుదురు భద్రంగా ఉంటే చాలు."

కొన్నాళ్లకు మిరపగింజ పరుగెత్తుకుంటూ వచ్చి, మంచంకోడుకు చుట్టిన గుడ్డ కొస కాలికి చుట్టుకుని, గడప మీద పడింది. ఎడమ కనుబొమ్మ మీద కుట్లు పడ్డాయి. డాక్టరు దారం లాగుతుంటే పిల్ల కిక్కురుమనలేదు. తల్లి మాత్రం ఆ దారాన్నే చూస్తూ చెమటతో తడిసిపోయింది. ఆ గుడ్డ కట్టింది తనే. గుడ్డ కట్టకపోతే పిల్ల పడేది కాదు. ఆ గీత చూడకపోతే తను గుడ్డే కట్టేది కాదు. ఇందులో ఏది ముందో, ఏది వెనకో ఎంత ఆలోచించినా తెగలేదు.

"యాదృచ్ఛికం" అన్నాడు భర్త. ఈసారి మాత్రం స్కేలు తియ్యలేదు.

అప్పటినుంచి ఆమెకు ఒకటే భయం. ఈ ముఖం తన కూతురికన్నా ముందు నడుస్తోంది. ఏదో ఒకరోజు బట్ట చిరుగుతుంది. చిరిగిన రోజు బయట నడిచే పిల్లకు ఏమవుతుంది? పైకి అంటే పిచ్చిదంటారు. అనకుండా ఉంటే తిన్నది ఒంటికి పట్టడం లేదు.

"ఇక ఆ స్క్రీన్ ముట్టుకోకు బాబాయ్" అంది.

"ముట్టుకోకపోయినా బట్ట ముదురుతుంది తల్లీ. పెట్టెలో దాచిన చీర మడతల్లో చిరగదూ?"

ఆ మాట ఆయన మామూలుగానే అన్నాడు. ఆమె మాత్రం ఆ మాటే పట్టుకుని కూర్చుంది. వాడితే సాగుతుంది, దాస్తే చివుకుతుంది. కడుపులో ఉన్నప్పుడైనా పిల్లను నేనే మోస్తున్నానన్న ధీమా ఉండేది. ఇప్పుడు దాన్ని ఓ చెక్కచట్రం మోస్తోంది.

సరిగ్గా అప్పుడే పెద్ద కచేరీ కుదిరింది. ఊళ్లో ఉన్న బృందాలన్నీ ఒకే మైదానంలో పాడతాయట. మేనేజరు చేతులు ఊపుకుంటూ షెడ్డుకు వచ్చాడు.

"అక్కా, ఈసారి దాగుడుమూతలొద్దు. పాప ఒక్కతే ఉండాలి, పోస్టరు నిండా. ఊరంతా అంటిద్దాం."

"పాప ఉండదు."

"పాప లేకపోతే పోస్టరే లేదక్కా! నీళ్లు లేని కుళాయి బొమ్మ వేస్తావా?"

"కావాలంటే అదే వేస్తా."

"నీకు చేతకాకపోతే చెప్పు, ఆ పాపకు నకలు గీసేవాళ్లు ఊళ్లో చాలామంది ఉన్నారు" అని వాడు విసవిసా వెళ్లిపోయాడు. మర్నాడు ఆమె ఇంకో బొమ్మ చంకన పెట్టుకుని మైదానానికి బయల్దేరింది. అందులో ఉన్నది వేదిక మీద ఖాళీ కుర్చీ ఒకటే, నిమ్మపసుపు రంగులో. వెళ్తూ వెళ్తూ బడి వదిలాక పిల్లను షెడ్డులో ఉంచుకోమని బాబాయ్‌కి చెప్పింది. మైదానంలో మేనేజరు ఒక పట్టాన దొరకలేదు. దొరికాక ఒక పట్టాన వినలేదు. చివరికి ఆ కుర్చీలో ఎవరు కూర్చుంటారో జనాన్నే తేల్చుకోమంటే బాగుంటుందని వాడికే తట్టి ఒప్పుకున్నాడు. ఆ పోస్టరులో పాప లేదు. అయినా వెలుగులో వంచి చూసి, కుర్చీ వెనక కనబడిందని ఒట్టు పెట్టేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు.

ఆమె తిరిగి వచ్చేసరికి పొద్దు వాలిపోయింది. షెడ్డులో తడిరంగు వాసన ముక్కు పగలగొడుతోంది. ఈ గోడ నుంచి ఆ గోడకు కట్టిన తీగలన్నీ నిండిపోయి ఉన్నాయి. వరుస తర్వాత వరుస, ఎర్రటి కాగితాలు. మధ్యలో మోచేతుల దాకా ఎరుపుతో మిరపగింజ.

"అమ్మా, అన్నీ నేనే లాగా! తాత ఊరికే పట్టుకున్నాడు."

పోస్టరక్క ఆయన వైపు తిరిగింది. "బాబాయ్! వద్దన్నానా లేదా?"

ఆయన తల వంచుకుని చేతులు తుడుచుకుంటున్నాడు. "నువ్వు పైకి అనకపోయినా నీ భయం నాకు తెలుసు. ఇవాళ కాకపోతే రేపు చిరుగుతుంది తల్లీ. నీ కళ్లముందు చిరిగితే నీ గుండె ఆగిపోతుంది. నువ్వు లేనప్పుడు, పిల్ల ఎదురుగా ఉండగా చిరగనీ అనుకున్నా. చూసుకో. పిల్లకేమైంది? ఆకలేస్తోందని నా బ్రెడ్డంతా తినేసింది, అంతేగా!"

"చిరిగిందా?"

"చిరగలేదు. లాగుతున్నకొద్దీ ఒక పక్క జిగురు వదిలి జారుతూ వచ్చింది. ఆఖరి కాగితానికి పూర్తిగా ఊడింది. ఇక దాంతో అచ్చు వెయ్యలేం."

ఆమె తీగల మధ్యకు నడిచింది. మొదటి వరుస చివర దీపం వేలాడుతోంది. దాని వెలుగు పక్కనుంచి పడటంతో ఏ కాగితాన్నీ వంచాల్సిన పని లేకపోయింది. అన్నిట్లోనూ ముఖం తేలే ఉంది.

మొదటి కాగితాల్లో ఉన్నది ఇవాళ్టి మిరపగింజే, కనుబొమ్మ మీద గీతతో సహా. ఇంకొంచెం ముందుకు వెళ్తే గడ్డం కోసుగా సాగింది, బుగ్గ ఎముక తేలింది. బట్ట జారుతోంది, అందుకే, అనుకుంది. రెండో వరుస మలుపులో నిలబడిపోయింది. రోజూ పొద్దున్నే అద్దంలో తనకు కనబడే ముఖమే అక్కడ ఉంది. అలిసిన కళ్లు, దిగిన నోరు, కనుబొమ్మ మీద మాత్రం ఆ తెల్లగీత. అంటే తను కాదు.

మూడో వరుసలో నుదుటి మీద ముడతలు. వదులైన బట్ట ముడుచుకుంటే రంగు అలాగే పడుతుంది, ఆమెకు తెలుసు. ఆ తర్వాత జుట్టు తెల్లబడటం మొదలైంది. కన్నాల్లో రంగు ఎండిపోతే అక్కడ కాగితం తెల్లగా మిగిలిపోతుంది, అదీ తెలుసు. ప్రతిదానికీ కారణం తెలుసు. ఒక్కో కారణం తనలో తాను చెప్పుకుంటూ ఒక్కో కాగితం దాటింది. చెప్పుకుంటూనే ఏడ్చింది. ఎందుకంటే చివరి వరుసలో ఉన్నది బోసినోటి ముసలమ్మ. నోరు కాస్త తెరిచి, చెవి ఒగ్గి, పైకి చూస్తున్న పండు ముసలమ్మ.

ముసలిదవుతుంది. నా బంగారుతల్లి ముసలిదవుతుంది. పళ్లూడిపోయి, నడుం వంగిపోయి, ఎవరిమీదో చిరాకు పడేంత ముసలిదవుతుంది.

ఇన్నాళ్లూ గుండెల మీద కూర్చున్నది దిగిపోయినట్టయింది. ఒక్క కాగితం మిగిలింది. తీగ చిట్టచివర, వెనక్కి తిప్పి వేలాడదీసి ఉంది.

"ఆఖరిది ఎవరు తిప్పారు?"

బాబాయ్ రబ్బరుపట్టీని తొట్టిలో ముంచి, కడిగిందే కడుగుతున్నాడు.

"నేనే తిప్పా" అంది మిరపగింజ. "చూస్తావా అమ్మా?"

పోస్టరక్క చెయ్యి సగం లేచింది. కాగితం గాలికి కొంచెం ఊగింది.

"నువ్వు చూశావా?"

"చూశాగా."

భయం, బెంగ, అడిగితే బాగుండునన్న ఆత్రం, ఏవీ లేవు పిల్ల ముఖంలో. సినిమా ముగింపు తెలిసినవాళ్లు పక్కవాళ్లను చూసినట్టు చూస్తోంది.

"చెప్పనా?"

"వద్దు" అంది తల్లి. చెయ్యి దించేసింది. "రా, చేతులు కడుగుతా."

కిరసనాయిలు గుడ్డతో ఒక్కో వేలూ తుడిచింది. గోళ్ల కింద ఎరుపు మాత్రం పోలేదు. బాబాయ్‌కి వెళ్లొస్తామని చెబితే ఆయన తలెత్తకుండానే, "జాగ్రత్త తల్లీ" అన్నాడు.

వీధిలోకి వచ్చాక ఆమె ఒళ్లు దూదిలా తేలిపోయింది. చాలా రోజుల తర్వాత ఆకలి గుర్తొచ్చింది. ఇంటికెళ్లగానే బల్లలకు కట్టిన గుడ్డలన్నీ విప్పి పారెయ్యాలనుకుంది. విషయం విని భర్త ఏమంటాడో ఊహించుకుని నవ్వుకుంది కూడా. ఆ నవ్వులోనే, కూడలి దగ్గర పట్టు కాస్త సడలింది.

మిరపగింజ చెయ్యి విడిపించుకుని రోడ్డు మీదికి దిగింది. పరుగెత్తలేదు. అటూ ఇటూ చూడలేదు. ఇంట్లో ఈ గది నుంచి ఆ గదిలోకి వెళ్లినట్టు తాపీగా దిగింది. లారీ ఒకటి కీచుమని మొత్తుకుంటూ పిల్ల భుజానికి మూరెడు దూరంలో ఆగింది. డ్రైవరు కిటికీలోంచి తల బయటపెట్టి, "ఏమ్మా, పిల్లని రోడ్డు మీద వదిలేస్తావా? కళ్లు నెత్తికెక్కాయా?" అని అరిచాడు.

పోస్టరక్క ఒక్క అంగలో వెళ్లి పిల్లను జబ్బ పట్టి ఇవతలికి లాగింది. ఒళ్లంతా తడిమి చూసింది. గీత కూడా పడలేదు. మిరపగింజ తల్లి చెమటను ఎర్రటి గోళ్లతో తుడిచింది.

"ఎందుకమ్మా అంత భయం? నాకిప్పుడేం కాదు. చూశాం కదా."

లారీ కదిలి వెళ్లిపోయింది. అటునుంచి ఇంకోటి వస్తోంది. పిల్ల మళ్లీ రోడ్డు వైపు తిరిగింది. అదే తాపీ, అదే ధీమా. పోస్టరక్క ఆ మణికట్టును రెండు చేతులా బిగించి పట్టుకుంది.

"అమ్మా, నొప్పి."

పట్టు సడలించలేదు. రోడ్డు దాటాక కూడా.